కార్యాలయపు బల్ల నుండి వెండితెర వరకు: ధర్మవరపు సుబ్రహ్మణ్యం హాస్య ప్రస్థానం

తెలుగు చలనచిత్రాలలో హాస్య సహాయ నటుని స్థానం విలక్షణమైనది. కథానాయకునికి వలె పాటలు గాని, పోరాటాలు గాని అతనికి ఉండవు. రెండున్నర గంటల చిత్రంలో మూడు, నాలుగు సన్నివేశాలలో కనిపించి, ఆ కొద్ది నిమిషాలలోనే పాత్రను ప్రేక్షకుల మనస్సులలో నిలుపవలసి ఉంటుంది. ఈ కష్టమైన పనిని రెండు దశాబ్దాలకు పైగా నిర్వహించిన నటులలో ధర్మవరపు సుబ్రహ్మణ్యం ఒకరు.

అద్దంకి ప్రాంతంలోని బల్లికురవ మండలం కొమ్మినేనివారిపాలెం ఆయన స్వగ్రామం. ప్రజానాట్యమండలి నాటకాలలో నటించిన అనుభవం ఆయనకు ఉన్నది. అనంతరం పబ్లిక్ సర్వీసు కమిషన్ పరీక్షలో ఉత్తీర్ణులై పంచాయతీరాజ్ శాఖలో ఉద్యోగిగా చేరారు. హైదరాబాదుకు వచ్చిన పిదప ఆకాశవాణికి నాటికలు రచించారు. ముఖం కనిపించని ఆ మాధ్యమంలో మాట విరుపే సర్వస్వం. తరువాతి కాలంలో ఆయన సంభాషణలకు దక్కిన గుర్తింపునకు ఈ అభ్యాసం కొంత కారణమని భావించవచ్చు.

ప్రైవేటు చానళ్లు ఇంటింటికీ చేరని రోజులలో హైదరాబాదు దూరదర్శన్ ప్రసారం చేసిన "ఆనందో బ్రహ్మ" హాస్య ధారావాహిక ఆయనను తెలుగు కుటుంబాలకు సన్నిహితుని చేసింది. "బుచ్చిబాబు", "పరమానందయ్య శిష్యులు" వంటి ధారావాహికలతోనూ ఆయనకు అనుబంధం ఉన్నది. 1989లో జంధ్యాల దర్శకత్వంలో వెలువడిన "జయమ్ము నిశ్చయమ్మురా" చిత్రంతో ఆయన చలనచిత్ర రంగంలో ప్రవేశించారు. అయితే విస్తృతమైన అవకాశాలు రావడానికి మరి పన్నెండేళ్లు పట్టడం గమనార్హం. 2001లో తేజ దర్శకత్వం వహించిన "నువ్వు నేను" చిత్రంలోని అధ్యాపకుని పాత్ర ఆ మలుపునకు కారణమైనది.

అప్పటి నుండి అధ్యాపకుడు, అధికారి వంటి పాత్రలు ఆయనను వెదుక్కుంటూ వచ్చాయి. 2003లో విడుదలైన "ఒక్కడు" చిత్రంలో పాస్‌పోర్టు అధికారిగా కనిపించారు. ఈ పాత్రలన్నిటికీ కొంత అధికారం ఉంటుంది, దానికి మించిన దర్పం ఉంటుంది. ఎదుటివారు మాత్రం దానిని లెక్కచేయరు. ఆ వ్యత్యాసం నుండే నవ్వు పుడుతుంది. ఆయన అరవరు, ముఖాన్ని వికృతంగా మార్చరు. నింపాదిగా, తాను చెప్పేది మిక్కిలి గంభీరమైన విషయమైనట్లు పలుకుతారు. ఫైళ్ల మధ్య పనిచేసిన వ్యక్తికి ఆ ధోరణి పరిశీలించే అవకాశం పుష్కలంగా లభించి ఉంటుంది. ఒకే తరహా పాత్రలు ఎక్కువగా వచ్చాయన్న విమర్శ అసత్యం కాదు గాని, అందుకు నటునికంటే చిత్రనిర్మాణ పద్ధతే ఎక్కువ బాధ్యత వహించాలి.

1997లో "తోకలేని పిట్ట" చిత్రానికి ఆయనే దర్శకత్వం వహించారు. "యజ్ఞం" (2004), "ఆలస్యం అమృతం" (2010) చిత్రాలకు ఉత్తమ హాస్యనటునిగా రాష్ట్ర ప్రభుత్వ నంది పురస్కారాలు అందుకున్నారు.

డాక్టర్ వై.ఎస్. రాజశేఖరరెడ్డి ముఖ్యమంత్రిగా ఉన్న కాలంలో ఆయన రాష్ట్ర సాంస్కృతిక మండలి అధ్యక్షునిగా బాధ్యతలు నిర్వహించారు. ఒకనాడు ప్రభుత్వ శాఖలో ఉద్యోగిగా పనిచేసిన నాటక కళాకారుడు, కళాకారుల వ్యవహారాలు చూసే ప్రభుత్వ సంస్థకే అధ్యక్షుడు కావడం విశేషం. పదవిలో ఉన్న కాలంలోనూ నటనను విడువలేదు. 2008లో వచ్చిన "రెడీ" చిత్రంలో కూడా హాస్య పాత్ర పోషించారు. కాలేయ క్యాన్సర్‌తో బాధపడుతూ 2013 డిసెంబరు 7న హైదరాబాదులో కన్నుమూశారు.