గేమ్‌బాయ్ ఆట కంప్యూటర్‌లో ఎలా నడుస్తుంది?

సికింద్రాబాద్ పార్క్‌లేన్‌లోని చెనాయ్ ట్రేడ్ సెంటర్‌కు వెళ్తే పాత కంప్యూటర్లు దొరుకుతాయి. 1989 నాటి నింటెండో చేతి ఆటయంత్రం గేమ్‌బాయ్ ఆటలకు ఆ పాతవి కూడా ఎక్కువే. అయినా ఆటను నేరుగా పెడితే నడవదు. ఎందుకు?

ఆటంటే ప్రాసెసర్‌కు ఇచ్చే ఆజ్ఞల వరస. ప్రతి ఆజ్ఞా ఒక సంఖ్యే. 60 అని చదివితే గేమ్‌బాయ్ తన ప్రాసెసర్‌లోని ‘ఎ’ అనే గడిలో ఉన్న విలువకు ఒకటి కలుపుతుంది. అదే 60 ఇంటెల్ ప్రాసెసర్‌కు కనబడితే, రెండు విలువల్ని పోల్చి చూడమన్నారనుకుంటుంది! అందుకే మధ్యలో ఎమ్యులేటర్ అనే ప్రోగ్రామ్ కావాలి. అది కంప్యూటర్ మెమరీలోనే ఓ ఉత్తుత్తి గేమ్‌బాయ్‌ని కడుతుంది: 8 కిలోబైట్ల మెమరీ, అడ్డంగా 160, నిలువుగా 144 చుక్కల తెర. ఆజ్ఞల్ని ఒక్కొక్కటే చదివి, అసలు యంత్రం ఏం చేసేదో అదే చేస్తుంది.

తమాషా ఏంటంటే, ఇక్కడ నిదానంగా నడపడమూ ఓ పనే. గేమ్‌బాయ్ గడియారం సెకనుకు దాదాపు 42 లక్షల టిక్కులే కొడుతుంది. నేటి కంప్యూటర్‌ది వందల కోట్లు. పగ్గం వేయకపోతే ఆట కంటికి ఆనకుండా పరిగెడుతుంది. అందుకని ఒక్కో బొమ్మ గీశాక, సెకనులో సుమారు అరవయ్యో వంతు పూర్తయ్యేదాకా ఎమ్యులేటర్ ఆగుతుంది.

అన్నట్టు, ఆటల దొంగ కాపీలు దించుకోకండి. ఔత్సాహికులు రాసి ఉచితంగా ఇస్తున్న కొత్త గేమ్‌బాయ్ ఆటలు ఇప్పటికీ వస్తున్నాయి.