బండి విప్పిన చేతులే మోటారు చేశాయి

ఏలూరు నుంచి కైకలూరు వెళ్లినా, తాడేపల్లిగూడెం నుంచి ఆకివీడు వైపు దిగినా దారిలో మెకానిక్ షెడ్లు కనబడతాయి. కొల్లేటి గట్ల మీద చేపల పెట్టెలు మోసి అలసిన మోటారు సైకిళ్లు చేరేది అక్కడికే. గ్రీజు చేతులతో ఇంజను విప్పుతున్న కుర్రవాణ్ణి చూసి, "చదువు అబ్బలేదు, షెడ్డులో పడ్డాడు" అని పెద్దలు పెదవి విరుస్తారు. అలా బండి విప్పిన కుర్రవాడొకడు దేశంలో తొలి విద్యుత్ మోటారు తయారు చేయించినవాడయ్యాడు. ఆయన మన తెలుగువాడే.

ఆయన పేరు గోపాలస్వామి దొరస్వామి నాయుడు. అందరికీ జి.డి. నాయుడుగా తెలుసు. తమిళనాట కోయంబత్తూరు దగ్గర కలంగల్ గ్రామంలో, అక్కడ స్థిరపడిన తెలుగు రైతు కుటుంబంలో 1893 మార్చి 23న పుట్టారు. బడి అంటే గిట్టలేదు. చదువు ప్రాథమిక తరగతుల్లోనే ఆగిపోయింది.

మూడు వందల రూపాయల బండి

ఒకనాడు ఊళ్లోకి ఒక తెల్లదొర రడ్జ్ మోటారు సైకిలు మీద వచ్చాడు. ఎద్దు లేకుండా, గుర్రం లేకుండా పరిగెత్తే ఆ బండిని చూశాక కుర్రవాడికి నిద్ర పట్టలేదు. కోయంబత్తూరు వెళ్లి ఓ హోటల్లో సర్వరుగా చేరాడు. పైసా పైసా కూడబెట్టి 300 రూపాయలతో మోటారు సైకిలు కొన్నాడు. కొని ఊరేగలేదు. ముక్క ముక్కగా విప్పాడు, తిరిగి బిగించాడు. ఆ విద్యతోనే మెకానిక్ అయ్యాడు.

మోటారు సైకిలు ఇంజనైనా బస్సు ఇంజనైనా సూత్రం ఒకటే. ఇంధనం పీల్చాలి, అదమాలి, మండించాలి, పొగ వదలాలి. చిన్నది తెలిసినవాడికి పెద్దది కొరుకుడు పడుతుంది. 1920లో ఒకే ఒక్క బస్సు కొని పొల్లాచ్చి, పళని మధ్య తానే నడిపారు. అదే తర్వాత యూనివర్సల్ మోటార్ సర్వీస్ అనే పెద్ద బస్సుల సంస్థ అయింది.

మోటారు, కారు

1937లో కోయంబత్తూరు శివారు పీలమేడులోని ఆయన కర్మాగారంలో డి. బాలసుందరం నాయుడు తోడ్పాటుతో విద్యుత్ మోటారు తయారైంది. దేశంలో తయారైన మొదటి మోటారుగా దానికి పేరు. తర్వాతి కాలంలో కోయంబత్తూరు మోటార్లకు, పంపుసెట్లకు పెట్టింది పేరయింది. చింతలపూడి మెట్టలో బోరు కింద సేద్యం చేసే రైతుకు ఆ ఊరి పేరు కొత్త కాదు.

అన్నీ కలిసిరాలేదు. 1952లో 2,000 రూపాయలకే ఇవ్వగల ఇద్దరు కూర్చునే పెట్రోలు కారు తయారు చేశారు. ప్రభుత్వం లైసెన్సు ఇవ్వలేదు. కారు అక్కడే ఆగిపోయింది. మామూలు సంసారి ఇంటి ముందు నిలవాల్సిన బండి కాగితాల దగ్గర నిలిచిపోయింది.

నాలుగేళ్లెందుకు?

ఆయన విరాళంతో కోయంబత్తూరులో ఆర్థర్ హోప్ పేరిట పాలిటెక్నిక్, ఇంజనీరింగు కళాశాల వెలిశాయి. ప్రిన్సిపాలుగా కూర్చున్నది ఈ బడి మానేసిన మనిషే. నాలుగేళ్ల చదువును రెండేళ్లలో చెప్పవచ్చునన్నారు. తెల్ల ప్రభుత్వం ఒప్పుకోలేదు. ఆయన పదవి వదులుకున్నారు. 1974 జనవరి 4న కన్నుమూశారు.

నాలుగేళ్లా, రెండేళ్లా అన్నది నేటికీ వాదించదగిన విషయమే. కాని యంత్రాన్ని ముట్టకుండా యంత్ర విద్య రాదన్న మాటలో వాదం లేదు. షెడ్డులో చేరిన పిల్లవాడికి సాయంత్రం నాలుగు అక్షరాలు చెప్పించడం, కళాశాలకు వెళ్లిన పిల్లవాడి చేతికి పానా ఇవ్వడం రెండూ పెద్దల బాధ్యతే. రేపు చెరువు గట్టు మీద మోటారు మొరాయిస్తే కబురు వెళ్లేది ఆ గ్రీజు చేతుల కుర్రవాడికే. అతణ్ణి చిన్నచూపు చూడకపోతే చాలు.