కౌజుపిట్టల యిండ్లకు నేల యెట్లుండవలెను?

పక్షులను పెంచు రైతులు మేతను గూర్చియు, మందులను గూర్చియు మిక్కిలి విచారింతురు. ఎండవానలకు భయపడి పైకప్పును గూర్చియు కొంత యోచింతురు. క్రింది నేలను గూర్చి విచారించువారు మాత్రము అరుదు. కాని కౌజుపిట్ట కొమ్మపై వ్రాలు పక్షి కాదు. అది నేలమీదనే నిలుచును, నేలమీదనే నిద్రించును, నేలమీద పడినదానినే ముక్కుతో పొడిచి తినును. కావున నేల చెడినచో పిట్ట చెడును. అప్పు తెచ్చి 500 పిల్లలను కొన్న రైతునకు ఒక్క వారములో సగము పిట్టలు చచ్చినయెడల, మిగులునది అప్పు మాత్రమే. అట్టి నష్టములలో పెక్కింటికి మూలము పాదముల క్రిందనే యుండును. అందుచేత ఈ విషయమును సభ్యులు పిల్లలను కొనుటకు ముందే యాలోచించుకొనుట మంచిది.

పిట్టను గూర్చి రెండు మాటలు

మన రైతులు పెంచుచున్నది జపాను కౌజుపిట్ట. ఇది 1974వ సంవత్సరమున ఉత్తరప్రదేశములోని ఇజ్జత్‌నగరమునకు పరిశోధనార్థము తేబడి, అచ్చటినుండి దేశమంతట వ్యాపించినది. పొలములలోను, బీళ్లలోను కనబడు అడవి పూరీడుపిట్ట వేఱు. దానిని వలపన్ని పట్టుటకు 1972వ సంవత్సరపు వన్యప్రాణి సంరక్షణ చట్టము అడ్డుపడుచున్నది. కావున పిల్లలను హేచరీలనుండియే కొనవలెను.

ఈ పిట్ట గుడ్డు 17 లేక 18 దినములలో పొదుగబడును. అప్పుడు పిల్ల బరువు కొలది గ్రాములు మాత్రమే. ఐదాఱు వారములలో మాంసమునకు సిద్ధమగును. ఆఱేడు వారముల వయస్సున పెట్ట గుడ్లు పెట్టనారంభించును. ఇంత శీఘ్రముగా పెరుగు పక్షికి రోగము కూడ శీఘ్రముగానే వచ్చును. నేడు కునికిన పిట్ట రేపటికి బ్రదికి యుండునను నమ్మకము లేదు.

తడి యెచ్చటికి పోవలెను?

నేలను ఎన్నుకొనుటకు ముందు ఒక చిన్న లెక్క వేయుదము. పెరిగిన పిట్ట దినమునకు సుమారు 25 గ్రాముల మేత తిని, దానికి రెట్టింపు నీరు త్రాగును. అనగా నూఱు పిట్టలకు రెండున్నర కిలోగ్రాముల మేతయు, ఐదు లీటర్ల నీరును కావలెను. చదరపుటడుగునకు ఐదు చొప్పున నూఱు పిట్టలకు 20 చదరపుటడుగుల చోటు చాలును. ఇది ఐదడుగుల పొడవు, నాలుగడుగుల వెడల్పుగల మంచమంత స్థలము. ఆ ఐదు లీటర్లలో ఊపిరితో కొంతయు, గుడ్లతో కొంతయు పోగా, తక్కినది రెట్టతో కలిసి ఆ మంచమంత స్థలముననే ప్రతి దినము పడుచుండును. నీటి గిన్నెలు తొలకి చిందినది దీనికి అదనము.

ఈ తడి యెచ్చటికి పోవలెను? నేలను ఎన్నుకొనుట యనగా ఈ ప్రశ్నకు సమాధానము చెప్పుటయే. మట్టినేల తడిని పీల్చి తనలోనే దాచుకొనును. ఊక పఱచిన నేల దానిని పీల్చి గాలికి విడుచును. తీగవల దానిని పిట్టకు దూరముగా క్రిందికి జాఱవిడుచును. మూడింటి గుణదోషములు ఇందుండియే పుట్టుచున్నవి.

తడినేల తెచ్చు కీడులు

మొదటిది పేగుపూతల రోగము. క్లాస్ట్రీడియం కొలైనం అను సూక్ష్మజీవి దీనికి కారణము. పక్షులన్నిటిలో కౌజుపిట్టలకే ఇది మిక్కిలి తీవ్రముగా సోకును. రోగము తగిలిన పిట్ట రెట్టలో ఆ జీవి వెలువడును. ఇతర పిట్టలు ఆ రెట్ట తగిలిన మేతను తిని రోగము తెచ్చుకొనును. ఈ జీవి గింజవంటి గట్టి రూపము దాల్చి మట్టిలో చిరకాలము నిలువగలదు. కావున ఒక తడవ రోగము వచ్చిన మట్టినేలను చీపురుతో ఊడ్చినంతమాత్రమున అది శుద్ధి కాదు.

రెండవది కాక్సిడియా యను సూక్ష్మజీవులచే కలుగు పేగురోగము. దీని గ్రుడ్లు రెట్టతో బయటపడిన వెంటనే హాని చేయవు. వెచ్చదనము, తడి రెండును దొరకినచో ఒకటి రెండు దినములలో బలము దెచ్చుకొని రోగకారకములగును. నేల పొడిగా నున్నచో అవి యెదుగక చాలవఱకు నశించును. ఇచ్చట తడిని తొలగించుటయే సగము వైద్యము.

మూడవది అమ్మోనియా యను ఘాటైన గాలి. తడిసిన రెట్ట కుళ్లినప్పుడు ఇది పుట్టును. కండ్లు మండించి, ఊపిరితిత్తులను బలహీనపఱచి, ఇతర రోగములకు దారి తీయును. మనము నిలుచుండి చూచినప్పుడు వాసన తెలియకపోవచ్చును. పిట్ట ముక్కు నేలకు నాలుగైదంగుళముల యెత్తున మాత్రమే యుండునని మఱువరాదు. కావున ప్రతి ఉదయము మోకాళ్లపై వంగి, పిట్ట యెత్తున వాసన చూడవలెను. ముక్కునకు ఘాటు తగిలినచో పిట్టలకు అప్పటికే బాధ కలిగినదని గ్రహింపవలెను.

నాలుగవది బూజు. బూజుపట్టిన పొట్టునుండి లేచు ధూళిని పీల్చిన పిల్లలు నోరు తెఱచి, ఆయాసపడి చచ్చును. ఐదవది కాళ్ల జబ్బు. రెట్టయు, పొట్టును కలిసి వ్రేళ్లకు ఉండలుగా పట్టి గట్టిపడును. వానిని పెఱికినచో గోళ్లూడి రక్తము కారును. గోరువెచ్చని నీటిలో నానబెట్టి మెల్లగా తీయవలెను.

మట్టినేల, గచ్చునేల

పేడతో అలికిన మట్టినేల మన యిండ్లకు శుభ్రమైనదే కాని, పిట్టల యింటికి తగదు. ప్రతి అలుకుతోను తడి చేరును. పేడతోకూడ సూక్ష్మజీవులు చేరును. ఎలుక క్రిందినుండి కన్నము వేయును. ఎలుకలు చిన్న పిల్లలను ఈడ్చుకొనిపోవుటయే గాక, మేతను మూత్రముతో పాడుచేయును. వాని వెంట పాములు కూడ వచ్చును.

సిమెంటు గచ్చు కడుగుటకు సులభము, ఎలుకలకు లొంగదు. కావున అడుగున గచ్చు ఉండుట మేలు. చుట్టునున్న నేలకంటె అడుగెత్తున కట్టి, నీరు పోవుటకు ఒక ప్రక్కకు కొంచెము వాలు పెట్టవలెను. అయితే ఉత్త గచ్చుమీద పిట్టలను విడువరాదు. అది చలికాలమున చల్లబడి పిల్లల వేడిని హరించును. గట్టిదనముచే పాదములకు పుండ్లు పుట్టించును. గచ్చు పునాదియే కాని పఱుపు కాదు.

పొట్టు పఱచిన నేల

గచ్చుపై రెండు మొదలు మూడంగుళముల మందమున పొడిపొట్టు పఱచుట మన ప్రాంతములలో సులభమైన పద్ధతి. 20 చదరపుటడుగుల స్థలమునకు రెండంగుళముల మందమున సుమారు మూడున్నర ఘనపుటడుగుల పొట్టు పట్టును. ఏ పొట్టు మంచిదన్న విషయమున ఈ క్రిందివి గమనింపదగినవి.

వడ్ల ఊక: వరి పండు ప్రాంతములందు చౌకగా దొరకును, త్వరగా కుళ్లదు, గాలి యాడును. నీటిని పీల్చుశక్తి మాత్రము కొంచెము తక్కువ. కావున తఱచు కలియబెట్టుచుండవలెను.

ఱంపపు పొట్టు: తడిని బాగుగా పీల్చును. మిక్కిలి మెత్తని ధూళివంటిది పనికిరాదు. పిట్టల కండ్లలోను, ముక్కులలోను పడును. మందులు పూసిన కఱ్ఱనుండి వచ్చినదానిని వాడరాదు. చిత్రిక పట్టగా వచ్చు పలుచని తునకలు దీనికంటె మేలు.

వేరుసెనగ కాయల పొట్టు: రాయలసీమలో విరివిగా దొరకును. బాగుగా ఎండినచో మంచిదే. తడి తగిలినచో త్వరగా బూజుపట్టును. కావున వానకాలమున దీనిని మానుట యుత్తమము.

చెఱకు పిప్పి, ఎండుగడ్డి: ఇవి అట్టకట్టి బూజుపట్టును. వేఱొకటి దొరకనప్పుడు మాత్రమే, చిన్న ముక్కలుగా నఱికి, ఇతర పొట్టుతో కలిపి వాడవచ్చును.

ఇసుక: పొడిదేశమునకు బాగుగ నుండును. కాని వేసవిలో వేడెక్కును, శీతకాలమున చల్లబడును. పిల్లల గదికి పనికిరాదు.

పొట్టు సరిగా నున్నదో లేదో తెలిసికొనుటకు గుప్పెడు తీసి గట్టిగా పిడికిలి బిగించి విప్పవలెను. ఉండయై నిలిచినచో తడి యెక్కువ. ఉండకట్టి మెల్లగా విడిపోయినచో సరియైనది. కట్టక ధూళియై రాలినచో మిక్కిలి పొడి. వారమునకు రెండు మూడు పర్యాయములు పొట్టును తిరుగవేయవలెను. నీటి గిన్నెలచుట్టు తడిసినదానిని ఏ దినమున కాదినము తీసి, క్రొత్తది వేయవలెను. నీటి గిన్నెను తీగవల బిగించిన చట్రముపై నుంచి, క్రింద పళ్లెము పెట్టినచో ఈ శ్రమలో సగము తగ్గును.

కొందఱు తడి పొట్టుపై సున్నము చల్లుదురు. పిట్టలున్నప్పుడు పొడిసున్నము పాదములను, కండ్లను మండించును. ఖాళీ గదిలో గచ్చుకు సున్నము పూసి, పూర్తిగా ఆఱిన పిమ్మట పొట్టు పఱచుటయే మంచిపద్ధతి.

తీగవల నేల

గుడ్ల పిట్టలకు తీగవల బోనులు మిక్కిలి యనుకూలములు. రెట్ట క్రింది పళ్లెములో పడుటచే పిట్టకు దానితో సంబంధము తెగును. పేగుపూతలయు, కాక్సిడియాయు అరుదగును. గుడ్లు పొట్టులో పూడిపోక శుభ్రముగా దొరకును. నేలను ముందువైపునకు అడుగునకు ఒకటిన్నర అంగుళము వాలుగా నమర్చినచో గుడ్లు తామే దొర్లి బయటి గాడిలో చేరును.

కాని వలను ఎన్నుకొనుటలో జాగ్రత్త యవసరము. రెండు వారములలోపు పిల్లలకు వలకన్ను పావు అంగుళమునకు మించరాదు. పెద్ద పిట్టలకు అర అంగుళము చాలును. కన్ను పెద్దదైనచో కాలు దిగబడి విఱుగును. సన్నని తీగ అరికాలిని కోయును. 14 లేక 16 గేజి మందముగల, జింకుపూత పూసిన తీగ మంచిది. కొనిన వెంటనే అరచేతితో అంతట నిమిరి, మొనలు తేలిన చోట్ల ఆకురాయితో నునుపు చేయవలెను. అరికాలిలో గీత పడినచో అందుండి చీము పట్టి, కాలు వాచి, పిట్ట మేతకు పోలేక కృశించును. తుప్పుపట్టిన వలను మార్చివేయవలెను.

తీగపై నిరంతరము నిలుచుట పిట్టకు సుఖము కాదు. బోనులో నాల్గవవంతు స్థలమున నునుపైన పలకగాని, చాపముక్కగాని వేసి, దానిని దినదినము శుభ్రపఱచినచో పాదములకు విశ్రాంతి కలుగును. ధూళిస్నానము ఈ పక్షి స్వభావము. వెడల్పైన గిన్నెలో పొడి యిసుక పోసి కొంతసేపు లోపల నుంచినచో ఈకలు శుభ్రపడును, పేలు తగ్గును. రెట్ట పళ్లెములను రెండు దినముల కొకసారి యైనను ఎత్తివేయనిచో తీగవల పెట్టిన ఫలమంతయు పోవును. ఈగలును, ఘాటును పొట్టునేలకంటె హెచ్చగును.

వెదురుబద్దల నేల చౌకయే. కాని వెదురు తడిని పీల్చును, సందులలో రెట్ట యంటుకొనును, చీలికలు పాదములకు గ్రుచ్చుకొనును. తీగవల కొనలేనివారు కొలదికాలము వాడుకొనవచ్చును గాని, దీనినే శాశ్వతముగా నమ్మరాదు.

పిల్లల గది

మొదటి రెండు వారములు మిగుల ముఖ్యమైనవి. క్రొత్తగా పుట్టిన పిల్లలను నునుపైన వార్తాపత్రికపై విడిచినచో కాళ్లు ఇరుప్రక్కలకు జాఱి, శాశ్వతముగా అవిటివగును. పొట్టుమీద నేరుగా విడిచినచో మేత యనుకొని పొట్టునే తినును. కావున పొట్టుపై గోనెగుడ్డనుగాని, గరుకైన మడతల కాగితమునుగాని మూడు నాలుగు దినములు పఱచి, దానిపై మేత చల్లవలెను. కాగితమును ప్రతిదినము మార్చి, పిల్లలు మేతపళ్లెమునకు అలవాటుపడిన పిమ్మట తీసివేయవలెను. నేలయొద్ద మొదటి వారము 35 డిగ్రీల సెంటీగ్రేడు వేడి యుండునట్లు దీపముల నమర్చి, తరువాత వారమునకు మూడేసి డిగ్రీల చొప్పున తగ్గించవలెను. నీటిపళ్లెములో గులకరాళ్లు వేయనిచో పిల్లలు మునిగి చచ్చును.

ఎవరికి ఏది?

సముద్రతీరపు జిల్లాలలో గాలియందే తడి యెక్కువ. వానకాలమున పొట్టు ఆఱుట కష్టము. అచ్చటివారు రెండు వారముల పిమ్మట పిట్టలను తీగవలకు మార్చుట మేలు. రాయలసీమ, తెలంగాణములలోని పొడిప్రాంతములందు మాంసమునకు పెంచు పిట్టలను పొట్టునేలపైనే సుఖముగా పెంచవచ్చును. గుడ్లకొఱకు పెంచువారు ఎచ్చట నున్నను తీగవలనే కోరుదురు గాక. తీగవలకు ఖర్చు ఒక్కసారి; పొట్టునకు ఖర్చు ప్రతి జట్టుకును. ఈ భేదమును లెక్కవేసికొని నిశ్చయించుకొనవలెను.

ఏ నేలయైనను ఒక జట్టు అమ్మిన పిమ్మట పాతపొట్టు నంతయు తీసి, గచ్చును, పళ్లెములను కడిగి, క్రిమిసంహారకము చల్లి, ఎండనిచ్చి, రెండు వారములు ఖాళీగా నుంచవలెను. ఒకరి పాతపొట్టు మఱియొకరు తెచ్చుకొనరాదు. 2025 ఫిబ్రవరి మాసమున గోదావరి ప్రాంతపు కోళ్లఫారములలో పక్షి ఇన్‌ఫ్లుయెంజా బయటపడినప్పుడు, రెట్టయు, పొట్టును, పాదరక్షలును రోగమును మోయగలవని రైతులందఱికిని తెలిసివచ్చినది. పాతపొట్టును గుంటలో వేసి, మాగిన తరువాత పొలమునకు వాడినచో మంచి యెఱువగును. పిట్టలు అకస్మాత్తుగా చచ్చుచున్నయెడల నేలనే నిందించుచు కూర్చుండక, పశువైద్యునకు వెంటనే తెలుపవలెను.

సభ్యులు పదిమంది కలిసి ఎండకాలమునందే మిల్లులయొద్ద పొడి ఊకను కొని, బస్తాలకెత్తి, చెక్కలపై నిలువచేసికొన్నచో వానకాలమున తడిపొట్టుకై యెక్కువ వెల పెట్ట నక్కఱలేదు. తీగవలను చుట్టగా కొని పంచుకొన్నచో చిల్లర వెలకంటె తక్కువకు వచ్చును. ఒక్కొక్కరికి భారమైన ఖర్చు కలిసినప్పుడు తేలిక యగును. ఇట్టి పనులకే సంఘము గలదు.