తీర్పు వచ్చింది, డబ్బు రాలేదు - కోర్టు ధిక్కారం సంగతులు

జహీరాబాద్ చుట్టుపక్కల మన సంఘాలకు పాలు పోసే కుటుంబాలలో జీతంపై పనిచేసేవారు కూడా చాలామంది ఉన్నారు. ఒకరు ట్రాక్టర్ల కర్మాగారంలో, ఒకరు ఆర్టీసీ డిపోలో, మరొకరు మన పాలకేంద్రంలోనే. "బకాయి జీతం కేసు గెలిచాం, పైసా రాలేదు. ధిక్కారం వేస్తే అధికారిని జైల్లో పెట్టి డబ్బు ఇప్పిస్తారట గదా" అనే మాట పాలు పోసేచోట వినబడుతూనే ఉంటుంది. ఇందులో సగమే నిజం.

మనకు దగ్గరి ఉదాహరణ ఒకటి చెప్పుకుందాం. ఆర్టీసీ కార్మికులకు మనలాగే ఒక సహకార సంఘం, అంటే పరపతి సంఘం, ఉన్నది. జీతంలో నెలనెలా కోత వేసి ఆ సొమ్మును సంఘానికి జమచేయాలి. కోత పడింది, జమ పూర్తిగా పడలేదు. పాలబిల్లులో పట్టుకున్న దాణా సొమ్ము సంఘం ఖాతాకు చేరకపోతే ఎట్లుంటుందో ఇదీ అంతే. 2019లో తెలంగాణ హైకోర్టు 200 కోట్ల రూపాయలు సంఘానికి చెల్లించమని యాజమాన్యాన్ని ఆదేశించింది. అంతటితో బాకీ తెగలేదు, సంఘం మళ్ళీ కోర్టు మెట్లెక్కవలసి వచ్చింది.

తీర్పు వేరు, వసూలు వేరు. 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం ప్రకారం ఆదేశాన్ని తెలిసి, కావాలని పాటించకపోవడమే సివిల్ ధిక్కారం. శిక్ష ఆరు నెలల వరకు సాధారణ జైలు, లేదా 2,000 రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ. మనస్ఫూర్తిగా క్షమాపణ చెబితే కోర్టు విడిచిపెట్టవచ్చు కూడా. ఆ 2,000 బాధితునికి రాదు! శిక్ష భయంతో ఎదుటివారు చెల్లిస్తారనేదే ఇందులోని బలం. ఇది బాకీ రాబట్టే సాధనం కాదని సుప్రీంకోర్టు 1999లో కపిల్‌దేవ్ ప్రసాద్ సా కేసులో స్పష్టం చేసింది.

కాబట్టి ముందు ఆదేశాన్ని చదవండి. "ఎనిమిది వారాలలో ఇంత చెల్లించండి" అని ఉంటే గట్టి ఆదేశం. "అర్జీని పరిశీలించండి" అని మాత్రమే ఉంటే, పరిశీలించి తిరస్కరించినా ధిక్కారం కాకపోవచ్చు. అప్పీలు వేశామని ఎదుటివారు చెప్పినంతమాత్రాన తీర్పు ఆగదు, స్టే ఉన్నదా అని అడగండి.

అన్నిటికంటే ఎక్కువమంది దెబ్బతినేది గడువు దగ్గర. ధిక్కారం జరిగిన నాటి నుంచి ఒక సంవత్సరంలోపే పిటిషను వేయాలి. చెల్లింపుకు ఇచ్చిన వారాలు ముగియగానే లెక్క మొదలవుతుంది. "రేపు రా, మాపు రా" అన్నవారి మాట నమ్మి తిరుగుతూ ఉంటే ఏడాది ఇట్టే గడుస్తుంది. పదే పదే ఉత్తరాలు వ్రాసినా గడువు పెరగదు. తెలంగాణ హైకోర్టు నుంచి వెళ్ళిన ఒక భూమి కేసులో, ఆలస్యంగా వేసిన ధిక్కార పిటిషను చెల్లదని 2024లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది.

కార్మిక చట్టాల కింద తేలిన బాకీకి మరొక దారి ఉంది. ప్రభుత్వం వసూలు పత్రం ఇస్తే, కలెక్టరు భూమిశిస్తు బకాయిలాగా రాబడతారు. 1947 పారిశ్రామిక వివాదాల చట్టంలో ఇది 33-సి సెక్షను. 2025 నవంబరు 21 నుంచి ఆ చట్టం స్థానంలో అమలులోకి వచ్చిన పారిశ్రామిక సంబంధాల కోడ్‌లో 59వ సెక్షను. సామాన్యునికి చాలాసార్లు ఇదే దగ్గరి దారి.

అధ్యక్ష, కార్యదర్శులకు ఒక మాట. మన సంఘం కూడా యాజమాన్యమే. పాలు పరీక్షించే కుర్రవాడికి జీతం ఇవ్వమని హైకోర్టు ఆదేశం వస్తే, పాలకవర్గం మారిందనో, పాత లెక్కలు తమవి కావనో చెప్పి తప్పించుకోవడం కుదరదు. ఆదేశం అందిన తేదీని కాగితంపై వ్రాసి, తదుపరి సమావేశం ఎజెండాలో మొదటి అంశంగా పెట్టండి. డబ్బు నిజంగానే లేకపోతే గడువు ముగియకముందే కోర్టును గడువు పెంచమని అడగవచ్చు, ముగిసిన తర్వాత వచ్చే సంజాయిషీకి విలువ తక్కువ.