తాళము పడిన కంట్రోలరు

విత్తనపు వడ్ల నారబెట్టు యంత్రమునందు గాలివేడి 43 డిగ్రీల సెంటిగ్రేడును దాటరాదనియు, విత్తనమును నిలువచేయునాటికి తేమ నూటికి 13 పాళ్లను మించరాదనియు చదువరు లెరిగినదే. ఆ వేడిని కనిపెట్టుచు, బర్నరును వెలిగించుచు నార్పుచునుండునది ప్రక్కనున్న ఇనుపపెట్టెలోని చిన్న కంట్రోలరు. దీనిని పి.ఎల్.సి. యందురు.

మేమెరిగిన యొక సంఘమున గడచిన రబీ కోతలలో ఈ పెట్టెయే చిక్కు తెచ్చినది. వేడిని కొలుచు సెన్సరు చెడగా వేరు రకము బిగించిరి. దానికి తగినట్లు ప్రోగ్రామును కొంచెము సవరింపవలసి వచ్చెను. యంత్రము నమర్చిన వ్యాపారి పాస్‌వర్డు పెట్టి, అంగడి నెత్తివేసి పోయెను. కళ్లములో తడివడ్లు కుప్పలై యుండెను. కార్యదర్శిగారి మేనల్లుడు పాస్‌వర్డును విప్పు సాఫ్ట్‌వేరును ఇంటర్నెటునుండి తెచ్చెదననెను. మేము వలదంటిమి.

ఏలయన, 2022 జూలైలో డ్రాగోస్ అను సంస్థవా రట్టిదాని నొకదానిని పరీక్షించి ఫలితమును ప్రకటించిరి. డైరెక్ట్‌లాజిక్ 06 అను కంట్రోలరు పాస్‌వర్డును అది నిజముగనే బయటపెట్టినది; కాని వెంటనే సాలిటీ యను వైరసును కంప్యూటరులో దించినది. ఈ వైరసు పెన్‌డ్రైవులద్వారా ప్రాకును. సంఘపు పద్దులన్నియు నా లాప్‌టాపునందే యుండెనని వేరుగ చెప్పనేల?

మొదట వెదకవలసినది పాస్‌వర్డును గాదు, ప్రోగ్రాము ప్రతిని. కొనుగోలు కాగితములను, పాలకవర్గపు తీర్మానమును జతచేసి, కంట్రోలరు నంబరుతో తయారీదారుల ప్రతినిధికి వ్రాయవలెను. అమర్చిన వ్యాపారిని, అతనియొద్ద పనిచేసిన ఎలక్ట్రీషియనులను విచారింపవలెను. యంత్రము మనదే యైనను ప్రోగ్రాముపై వ్రాసినవానికి హక్కుండవచ్చును. కావున అనుమతిని వ్రాతమూలముగ పొందుట మేలు.

ప్రతి దొరకినచో పని సులువు. సీమెన్స్ వారి పాత ఎస్7-200 వంటివానిలో పాస్‌వర్డు మరచినవారు స్మృతినంతయు చెరిపి, ప్రోగ్రామును మరల నెక్కించుకొను పద్ధతి తయారీదారుల పుస్తకమునందే యున్నది. చెరిపినచో పాస్‌వర్డుతోబాటు ప్రోగ్రామును పోవును. ప్రతి చేతలేనివారు దీనిజోలికి పోరాదు. వారు పాత కంట్రోలరును కదల్చక, ఏ తీగ ఏ మోటారునకు పోవుచున్నదో, ఏది ఎన్ని నిమిషములకు తిరుగుచున్నదో పట్టిక వ్రాసి, తెలిసినవారిచే క్రొత్తదానికి ప్రోగ్రాము వ్రాయించుకొనవలెను. ఖర్చగును, అయినను వేరుదారి మాకు తోచలేదు.

చెరుపునప్పు డొక యపాయ మున్నది. కంట్రోలరు నిలిచిపోవును, దానితో ఫ్యానును నాగును. బర్నరు ఆరినను వేడిగింజ లోపల చిక్కుకొనును. కావున ముందుగా గింజను దింపి, యంత్రమును చల్లార్చి, డీజెలును కట్టి, మోటార్లకు బర్నరునకు పోవు కరెంటును ఆపి స్విచ్చికి తాళము వేయవలెను. తాళపుచెవి పనిచేయువాని జేబులోనే యుండవలెను. కంట్రోలరునకు మాత్రము కరెంటుండును. వేడి మితిమీరినపుడు బర్నరు నార్పు కటౌటు కంట్రోలరుతో సంబంధము లేకయే పనిచేయునట్లుండవలెను. లేనిచో ముందు దానిని పెట్టించుడు. క్రొత్తగా నెక్కించినపిదప ఖాళీయంత్రమును నడిపి, వేరు థర్మామీటరుతో వేడిని సరిచూచినగాని విత్తనము పోయరాదు.

ఆ సంఘమువారికి ప్రతి ఎలక్ట్రీషియను పాత లాప్‌టాపులో దొరకినది. వ్యాపారియు ఫోనులో కనికరించి, సమ్మతిని వ్రాసి పంపెను. యంత్రము నాలుగవనాడు కదలినది. అంతవరకు వడ్లను టార్పాలినులపై పలుచగా పరచి, గంటగంటకు కలియబెట్టుచు కూలీలతో మేమును నిలిచితిమి. ఇపుడు ప్రోగ్రాము ప్రతియు, పాస్‌వర్డును సీలువేసిన కవరులో సంఘపు ఇనుపపెట్టెయం దున్నవి. ఈ రెండును చేతికి రానిదే కడపటి వాయిదా చెల్లింపరాదని క్రొత్త యంత్రపు ఒప్పందములో చేర్చిరి.