అర లీటరు పాలు, ఖాళీ గిన్నెలు

చిలీ దేశం మనకు చాలా దూరం. దక్షిణ అమెరికాలో సముద్రం ఒడ్డున సన్నగా, పొడుగ్గా ఉంటుంది. అక్కడ సాల్వడార్ అయెండే పేరు ఎత్తితే ఇప్పటికీ రెండు మాటలు వినిపిస్తాయి.

అయెండే డాక్టరు. పసిపిల్లలు ఎందుకు చనిపోతున్నారో 1939లోనే పుస్తకంలో రాశాడు. పేదరికమే అసలు జబ్బు అన్నాడు. ఆయన సోషలిస్టు. అంటే గనులు, భూములు కొందరివి కాదు, అందరివీ అనేవాడు. మూడుసార్లు ఎన్నికల్లో ఓడాడు. 1970లో గెలిచి ప్రెసిడెంటు అయ్యాడు. తుపాకీతో కాదు, ఓట్లతో. కాని నూటికి 36 ఓట్లే వచ్చాయి. సగం ఎవరికీ రాలేదు కాబట్టి పార్లమెంటు ఆయన్ని ఎంచింది.

చిలీలో రాగి బాగా దొరుకుతుంది. పెద్ద గనులు అమెరికా కంపెనీల చేతిలో ఉండేవి. 1971లో వాటిని ప్రభుత్వం తీసుకుంది. ఎదుటి పార్టీలూ ఒప్పుకున్నాయి. పెద్ద భూస్వాముల భూములూ తీసుకున్నారు. పిల్లలకు రోజుకు అర లీటరు పాలు ఉచితంగా ఇచ్చారు. చాలామంది తల్లులకు గుర్తున్నది ఈ పాలే.

కూలి పెంచారు. ధరలు పెంచొద్దన్నారు. వినడానికి బాగుంది కదా? మొదటి ఏడు బాగానే గడిచింది. తర్వాత డబ్బు చాలక ప్రభుత్వం నోట్లు అచ్చు వేసింది. నోట్లు పెరిగాయి, సరుకు పెరగలేదు. అంగట్లో లేని సరుకు దొంగ బజారులో దొరికేది. 1971 డిసెంబరులో ఆడవాళ్లు ఖాళీ గిన్నెలు మోగిస్తూ రాజధాని వీధుల్లో నడిచారు. అప్పుడు కలిగినింటి వాళ్లే ఎక్కువ. 1973 నాటికి పేదింటి ఆడవాళ్లకీ క్యూలు తప్పలేదు.

అమెరికా అప్పులు ఆపించింది. అయెండే ఎదుటివాళ్లకు రహస్యంగా డబ్బు పంపింది. ఈ సంగతి అమెరికా పార్లమెంటు కమిటీయే 1975లో బయటపెట్టింది. అలాగని తప్పంతా బయటివాళ్ల మీదే తోసేయలేం. లెక్క తప్పింది ప్రభుత్వమే.

1973 సెప్టెంబరు 11న సైన్యం తిరగబడింది. ప్రెసిడెంటు భవనం మీద విమానాలు బాంబులు వేశాయి. అయెండే లొంగలేదు. రేడియోలో చివరిసారి మాట్లాడుతూ రైతు ఆడవాళ్లనూ, తల్లులనూ తలుచుకున్నాడు. ఆ రోజే చనిపోయాడు. చంపారా, తానే కాల్చుకున్నాడా అని ఏళ్ల తరబడి తగువు నడిచింది. 2011లో సమాధి తవ్వి పరీక్ష చేశారు. తానే కాల్చుకున్నాడని తేలింది.

తర్వాత పినోషే అనే సైన్యాధికారి 1990 దాకా ఏలాడు. మూడు వేల మందికి పైగా చనిపోయారు, లేదా జాడ లేకుండా పోయారు. భర్తల, కొడుకుల ఫోటోలు గుండెల మీద పెట్టుకుని ఆడవాళ్లు ఏళ్ల తరబడి తిరిగారు. ఎడారిలో పారలతో తవ్వి ఎముకలు వెతికారు.

రాగి గనుల్ని మాత్రం పినోషే కూడా ఆ కంపెనీలకు తిరిగి ఇవ్వలేదు. అవి ఇప్పటికీ ప్రభుత్వానివే.