ఇల్లు పది లక్షలది, కిస్తీలు ఇరవై ఒక్క లక్షలవి

చెన్నూరు: ఇల్లు కట్టి చూడు, పెళ్లి చేసి చూడు అన్నారు పెద్దలు. వెనకట ఇల్లు కట్టిన ఏడాదితో ఆ తిప్పలు తీరేవి. ఇప్పుడు ఇల్లు కట్టడం ఆరేడు నెలల పని, ఆ ఇంటి అప్పు తీర్చడం ఇరవై ఏళ్ల పని. గృహప్రవేశం నాడు తొట్టెలో ఉన్న పిల్ల పెళ్లీడుకు వచ్చేదాకా కిస్తీ కడుతూనే ఉండాలి.

గోదావరి ఒడ్డున ఉన్న చెన్నూరు 2018లో మున్సిపాలిటీ అయింది. చుట్టుపక్కల పల్లెల్లోనూ గూన పెంకుల ఇళ్లు పోయి స్లాబులు లేస్తున్నాయి. మందమర్రి, శ్రీరాంపూర్ బొగ్గుబావుల్లో పనిచేసేవారికి జీతం చిట్టీ చూపితే బ్యాంకు అప్పు దొరుకుతుంది. పత్తి రైతుకు, కూలీకి, చిన్న దుకాణదారుకు అది అంత సులువు కాదు. ఎవరు తెచ్చినా, ఎక్కడ తెచ్చినా, అడిగే మాట మాత్రం ఒకటే: "నెలకు కిస్తీ ఎంత?" అడగవలసిన రెండో మాట, "మొత్తం మీద ఎంత కడతాం?" అన్నది. దాన్ని అడిగేవారు తక్కువ.

నెల లెక్క, మొత్తం లెక్క

ఒక కుటుంబం బ్యాంకులో 10 లక్షల రూపాయల గృహ రుణం తీసుకుందనుకోండి. వడ్డీ ఏడాదికి నూటికి 9 రూపాయలు. గడువు 20 ఏళ్లు. నెల కిస్తీ 8,997 రూపాయలు పడుతుంది. తొమ్మిది వేలే కదా అనిపిస్తుంది. కానీ ఆ తొమ్మిది వేలు 240 నెలలు కట్టాలి. కూడితే 21 లక్షల 59 వేలు. తెచ్చింది పది లక్షలు, మిత్తి కిందనే పోయేది 11 లక్షల 59 వేలు. ఒక ఇల్లు తాము కట్టుకుని, దానికంటే కొంచెం పెద్ద ఇల్లు బ్యాంకుకు కట్టి ఇచ్చినట్టు.

గడువు మార్చి చూస్తే సంగతి ఇంకా తేటపడుతుంది. అదే పది లక్షలు, అదే 9 శాతం. పదేళ్లకైతే నెలకు 12,668 రూపాయలు, మొత్తం 15 లక్షల 20 వేలు. పదిహేనేళ్లకైతే నెలకు 10,143 రూపాయలు, మొత్తం 18 లక్షల 26 వేలు. ముప్పై ఏళ్లకైతే నెలకు 8,046 రూపాయలు, మొత్తం దాదాపు 29 లక్షలు.

ఇరవై ఏళ్లను ముప్పై ఏళ్లు చేసుకుంటే నెలకు మిగిలేది 951 రూపాయలు. అందుకు అదనంగా కట్టేది 7 లక్షల 37 వేలు. ఇరవై ఏళ్లను పదిహేనేళ్లకు కుదించి నెలకు 1,146 రూపాయలు ఎక్కువ కట్టగలిగితే మిగిలేది 3 లక్షల 33 వేలు. "కిస్తీ తక్కువ పడేట్టు చూడండి సారూ" అని బతిమాలేవారు ఈ లెక్క ఒకసారి చూసుకోవాలి.

కిస్తీ ఎటు పోతుంది?

మొదటి నెల కట్టిన 8,997 రూపాయల్లో 7,500 మిత్తికే పోతుంది. అసలుకు జమయ్యేది 1,497 రూపాయలు. ఏడాది పొడుగునా కట్టిన లక్షా ఎనిమిది వేలలో అసలు తగ్గేది 18,700 మాత్రమే. అయిదేళ్లు ఒక్క నెల కూడా తప్పకుండా కట్టినవారు 5 లక్షల 40 వేలు చెల్లించి ఉంటారు. ఖాతా తీయించి చూస్తే బాకీ ఇంకా 8 లక్షల 87 వేలు కనిపిస్తుంది. "మా పైసలు ఎటు పోయినయ్?" అని కొందరు బ్యాంకులో గొడవకు దిగేది ఇక్కడే.

ఇందులో మోసం లేదు. మిగిలి ఉన్న అసలు మీద నెలనెలా మిత్తి లెక్కిస్తారు. మొదట్లో అసలు పెద్దది కాబట్టి మిత్తి పెద్దది. అసలు తగ్గేకొద్దీ మిత్తి తగ్గి, అదే కిస్తీలో అసలు వాటా పెరుగుతుంది. పది లక్షల్లో సగం, అంటే అయిదు లక్షలు తీరడానికి సుమారు 14 ఏళ్లు పడుతుంది. తక్కిన సగం మిగిలిన ఆరేళ్లలో తీరిపోతుంది. నడుమ ఇల్లు అమ్ముకోవలసి వచ్చినవారికి ఈ సంగతి అప్పుడు తెలిసి లాభం లేదు.

వడ్డీ పెరిగిన ఏడాది

గృహ రుణాల్లో చాలావాటికి వడ్డీ స్థిరంగా ఉండదు. రిజర్వు బ్యాంకు రెపో రేటును బట్టి మారుతుంది. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు ఇచ్చే మారే వడ్డీ గృహ రుణాలను ఇలాంటి బయటి రేటుతో ముడిపెట్టాలని రిజర్వు బ్యాంకు ఆదేశించింది. 2021లో కొన్ని బ్యాంకులు 7 శాతం కంటే తక్కువకే ఇళ్లకు అప్పులిచ్చాయి. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి వరకు రెపో రేటు 4 శాతం నుంచి ఆరున్నర శాతానికి ఎక్కింది. 2025 ఫిబ్రవరి నుంచి జూన్ లోపల మళ్లీ అయిదున్నరకు దిగింది.

ఈ ఎక్కుడు దిగుడు ఇంటి మీద ఎలా పడుతుందో చూడండి. 7 శాతానికి పది లక్షలు, ఇరవై ఏళ్ల గడువుతో తెచ్చినవారి కిస్తీ 7,753 రూపాయలు. ఏడాదిన్నర కట్టాక బాకీ 9 లక్షల 64 వేలు ఉంటుంది. వడ్డీ తొమ్మిదిన్నర శాతమైతే ఆ బాకీ మీద ఒక నెల మిత్తే సుమారు 7,630 రూపాయలు. పాత కిస్తీయే కడుతూ పోతే అసలుకు జమయ్యేది నెలకు నూటఇరవై రూపాయలు. కిస్తీ మారలేదు కదా అని ఇంటివాళ్లు నిశ్చింతగా ఉంటారు, గడువు మాత్రం లోలోపల ఏళ్లకేళ్లు పెరిగిపోతుంది.

ఈ ఇబ్బంది చూసే రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టులో కొత్త నిబంధనలు పెట్టింది. వడ్డీ మారినప్పుడు ఆ సంగతి రుణగ్రహీతకు తెలపాలి. కిస్తీ పెంచుకుంటారా, గడువు పెంచుకుంటారా, కొంత సొమ్ము ముందే కడతారా అన్నది అతన్నే అడగాలి. కాబట్టి ఫోనుకు వచ్చే సందేశాన్ని చదవకుండా తుడిచేయరాదు. చదువు రానివారు పిల్లలతో చదివించుకోవాలి.

నూటికి రెండు రూపాయల అప్పు

పల్లెలో గ్రామకంఠం జాగాలో ఇల్లు కట్టేవారికి రిజిస్టరు కాగితాలు ఉండవు. కాగితం లేనిదే బ్యాంకు అప్పు ఇవ్వదు. అప్పుడు దిక్కు షావుకారే. నూటికి రెండు రూపాయలంటే నెలకు. ఏడాదికి 24 శాతం.

మూడు లక్షలు ఇలా తెస్తే నెలకు మిత్తే 6,000 రూపాయలు. అయిదేళ్లలో 3 లక్షల 60 వేలు మిత్తి కట్టాక కూడా అసలు మూడు లక్షలు అలాగే ఉంటుంది. అదే మూడు లక్షలు బ్యాంకులో 9 శాతానికి అయిదేళ్ల గడువుతో తెస్తే నెల కిస్తీ 6,228 రూపాయలు. నెలకు 228 రూపాయలే ఎక్కువ. అయిదేళ్లు నిండిన నాడు బాకీ సున్నా. మిత్తి మొత్తం అసలును మించి వసూలు చేయరాదని పాత ధర్మశాస్త్రాలే చెప్పాయి. షావుకారు పద్దులో ఆ ధర్మం కనిపించదు.

ఇందిరమ్మ ఇళ్ల పథకాన్ని 2024 మార్చిలో ప్రారంభించారు. సొంత జాగా ఉన్న పేదలకు 5 లక్షల రూపాయల సాయం నాలుగు విడతలుగా అందించడం ఇందులో ఏర్పాటు. అది అప్పు కాదు. అయితే పునాది లేచాకే పునాది బిల్లు, స్లాబు పడ్డాకే స్లాబు బిల్లు వస్తుంది. ముందు పెట్టుబడి ఇంటివాళ్లదే. ఆ నడుమ కాలానికి నూటికి రెండు, మూడు రూపాయలకు తెచ్చి, బిల్లు రాగానే తీర్చకుండా తలుపులకు, టైల్సుకు ఖర్చు పెడితే ఉచితంగా వచ్చిన ఇంటికీ మిత్తి మొదలవుతుంది.

మాటల్లో మాయ

కొన్ని ప్రైవేటు సంస్థలు కాగితాలు అంతగా అడగవు, వడ్డీ ఎక్కువ వేస్తాయి. 14 శాతానికి పది లక్షలు ఇరవై ఏళ్లకు తెస్తే నెలకు 12,435 రూపాయలు, మొత్తం దాదాపు 30 లక్షలు. అసలుకు మూడింతలు.

"ఫ్లాట్ రేటు" అన్న మాట వినిపిస్తే జాగ్రత్త పడాలి. 5 లక్షలకు 8 శాతం ఫ్లాట్, పదేళ్ల గడువు అంటారు. ఏడాదికి 40 వేల చొప్పున 4 లక్షల వడ్డీ కలిపి, 9 లక్షలను 120 నెలలకు పంచి, కిస్తీ 7,500 అని చెబుతారు. అసలు తగ్గుతున్నా వడ్డీ మాత్రం మొదటి అసలు మీదే పడుతుంది. బ్యాంకు పద్ధతిలో లెక్కిస్తే ఇది 13 శాతం పైన పడుతుంది. 9 శాతం బ్యాంకు అప్పు కంటే 8 శాతం ఫ్లాట్ చౌక అనుకోవడం పొరపాటు.

వడ్డీ కాక ఇతర ఖర్చులుంటాయి. దరఖాస్తు రుసుము, వకీలు అభిప్రాయం, ఇంటి విలువ కట్టే ఇంజనీరు రుసుము, తాకట్టు కాగితానికి స్టాంపు ఖర్చు. బీమా ప్రీమియాన్ని కూడా రుణంలోనే కలిపేస్తారు. 50 వేల ప్రీమియం 9 శాతానికి ఇరవై ఏళ్ల అప్పులో కలిస్తే లక్షా 8 వేలు అవుతుంది. ఇంటి పెద్దకు ఏమైనా అయితే కుటుంబాన్ని బీమా ఆదుకుంటుంది, అది మంచిదే. వీలైతే ప్రీమియం చేతి డబ్బుతో కట్టుకోవాలి.

2024 అక్టోబరు 1 నుంచి ఇచ్చే కొత్త గృహ రుణాలన్నింటికీ ముఖ్యాంశాల పత్రం ఒకటి ఇవ్వాలని రిజర్వు బ్యాంకు నిబంధన. అన్ని ఖర్చులు కలిపిన అసలు వడ్డీ శాతం అందులో ఉంటుంది. సంతకానికి ముందు దాన్ని అడిగి తీసుకోవాలి, అర్థమయ్యే భాషలో చెప్పించుకోవాలి.

పత్తి డబ్బు, నెల కిస్తీ

జీతగాడికి నెలనెలా డబ్బు వస్తుంది. పత్తి రైతుకు దీపావళి నుంచి సంక్రాంతి దాకా వస్తుంది. కిస్తీకి ఆ తేడా తెలియదు. గోదావరి, ప్రాణహిత పొంగి చేలు మునిగిన ఏడాది కూడా కిస్తీ ఆగదు. పత్తి అమ్మిన డబ్బులోంచి కనీసం ఆరు నెలల కిస్తీలు పక్కన పెట్టుకోలేనివారు పెద్ద గృహ రుణానికి తొందరపడకపోవడం మేలు.

తొంభై రోజులు దాటి కట్టకపోతే ఖాతా మొండిబాకీ కింద పడుతుంది. 2002 నాటి సర్ఫేసీ చట్టం ప్రకారం 60 రోజుల నోటీసు ఇచ్చి, ఆపైన ఇంటిని స్వాధీనం చేసుకునే అధికారం బ్యాంకుకు ఉంది. వ్యవసాయ భూమికి ఆ చట్టం వర్తించదు, ఇంటికి వర్తిస్తుంది. జామీను సంతకం పెట్టిన బావమరిది కూడా ఆ బాకీకి బాధ్యుడే. నోటీసు రాగానే దాచిపెట్టక బ్యాంకుకు వెళ్లి మాట్లాడాలి.

ముందే కడితే మిగులు

డబ్బు కలిసివచ్చిన ఏడాది అసలుకు కొంత కట్టడం అన్నింటికంటే మేలైన దారి. పది లక్షల అప్పులో మొదటి ఏడాది చివర ఒక లక్ష అదనంగా కడితే గడువు నాలుగేళ్లకు పైగా తగ్గుతుంది, మిత్తిలో సుమారు మూడున్నర లక్షలు మిగులుతుంది. అదే లక్ష పదేళ్ల తర్వాత కడితే మిగిలేది లక్షా పాతిక వేలలోపే. అంత స్తోమత లేనివారు ఏటా ఒక్క కిస్తీ ఎక్కువ కట్టినా ఇరవై ఏళ్ల అప్పు పదహారున్నర ఏళ్లకే తీరుతుంది, రెండు లక్షలకు పైగా మిగులుతుంది. కట్టేటప్పుడు "అసలుకు జమ చేయండి, గడువు తగ్గించండి" అని రాసి ఇవ్వాలి. మారే వడ్డీ మీద వ్యక్తులు తెచ్చిన గృహ రుణాన్ని ముందే తీర్చినందుకు బ్యాంకులు జుర్మానా వసూలు చేయరాదని రిజర్వు బ్యాంకు 2012లోనే చెప్పింది.

బాకీ తీరిన 30 రోజుల్లో ఇంటి కాగితాలు తిరిగి ఇవ్వాలి. ఆలస్యం వారిదైతే రోజుకు 5,000 రూపాయల చొప్పున పరిహారం ఇవ్వాలి. 2023 డిసెంబరు 1 నుంచి ఈ నిబంధన అమల్లో ఉంది. రాతపూర్వక ఫిర్యాదుకు బ్యాంకు 30 రోజుల్లో జవాబివ్వకపోతే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు రాయవచ్చు, ఖర్చు లేదు. వివరాలకు 14448 నంబరుకు ఫోను చేయవచ్చు.

ఇదంతా చూసి అప్పే వద్దనుకోనక్కర లేదు. కిరాయి మిగులుతుంది. కూలి, జీతం ఏటేటా పెరిగినా కిస్తీ దాదాపు అంతే ఉంటుంది కాబట్టి పదేళ్ల తర్వాత తొమ్మిది వేలు ఇప్పటంత బరువు కాకపోవచ్చు. పిల్లలకు నీడ దొరుకుతుంది. అయితే పల్లెలో కట్టిన ఇల్లు మంచిర్యాలలో ఇల్లు అమ్ముడుపోయినట్టు అమ్ముడుపోదు. సున్నాలు, మరమ్మతులు, ఇంటి పన్ను ఎప్పుడూ ఉండేవే. అందువల్ల ఒక గది తగ్గించి, రెండు లక్షలు తక్కువ అప్పు చేసినవారు నష్టపోరు. ముగ్గు పోసే ముందు మేస్త్రీతో ఇటుక లెక్క, సిమెంటు లెక్క వేయించుకుంటారు కదా, అదే కాగితం వెనుక మిత్తి లెక్క కూడా వేయించుకుంటే చాలు.